కాలి వేలికి కట్టిన దారం

వరద రెండోసారి వచ్చిన ఏడాది జరిగింది ఇది. మొదటి వరద నా చిన్నప్పుడు వచ్చి మా బడిని పట్టుకుపోయింది. బడి మళ్ళీ కట్టారు గానీ అప్పటికి నేను పనిలో పడ్డాను. మూడో తరగతితో సరి. రెండో వరద మా నాటకాల హాల్లోకి వచ్చింది. చుట్టి పెట్టిన తెరలన్నీ నానిపోయాయి. ఆరబెట్టి చూస్తే అడవి తెర మీదికి రాజభవనం దిగింది, రాజభవనంలో చెట్లు మొలిచాయి. కంపెనీ ఓనరు వాటి ముందు చాలాసేపు నిలబడ్డాడు. "ఇక నాటకాలు చాలు. హాలు సినిమా బొమ్మలవాళ్ళకిచ్చేస్తా" అన్నాడు.

నేను ఆ కంపెనీలో మాట అందించేవాణ్ణి. స్టేజీ ముందు అంచున ఒక గొయ్యి, దాని మీద చిన్న చెక్క గొడుగు ఉండేవి. జనానికి గొడుగు వీపు కనిపిస్తుంది. వేషం కట్టినవాళ్ళకు నా ముఖం కనిపిస్తుంది. గొయ్యిలో ముక్కాలిపీట మీద కూర్చుని, పుస్తకం ఒళ్ళో పెట్టుకుని, ఎవరైనా మాట మర్చిపోతే మొదటి ముక్క అందించాలి. నాకు సరిపోయిన పని. ఎక్కువ మాట్లాడక్కర్లేదు.

మా బావ, అంటే అక్క మొగుడు, ఆ కంపెనీలో పెద్ద వేషగాడు. తండ్రి వేషాలు, రాజు వేషాలు ఆయనవే. నోరు విప్పితే చివరి బెంచీ మీద కునుకు తీసేవాడు కూడా లేచి కూర్చునేవాడు. హాలు బయట బండివాళ్ళు టికెట్టు కొనకుండానే నాటకం వినేవాళ్ళు.

ఆయన మొదలెట్టింది బల్లెం పట్టుకుని నిలబడే భటుడి వేషంతో. ఒకరోజు రాజు వేషగాడికి జ్వరం వచ్చింది. బావకు చదవడం రాదు గానీ నిలబడి నిలబడి రాజు మాటలన్నీ వినికిడి మీదే వచ్చేశాయి. రాజు బట్టలు ఆయనకు తొడిగి తోశారు. పాపం వణికిపోతున్నాడు. నేను గొయ్యిలోంచి ఆయన చెప్పాల్సిన ప్రతిదానికీ మొదటి మాట అందించాను. ఆట అదిరిపోయింది. ఆట బాగా నడిచిన రోజున ఏం చేశామో మర్నాడూ అదే చేయడం వేషగాళ్ళ అలవాటు. ఆ రోజు తిన్నదే తింటారు, అదే కాలు ముందు పెడతారు. బావ నన్ను పట్టుకున్నాడు.

అప్పట్నుంచి అదే పద్ధతి. ఆయనకు పుస్తకమంతా కంఠతా వచ్చు. కానీ మొదటి మాట నా నోట్లోంచి పడాలి. పడిందా, ఇక కుళాయి తిప్పినట్టే. పడలేదా, ఉలుకూ పలుకూ ఉండదు. కంపెనీలో అందరికీ తెలుసు. ఎవరూ పట్టించుకోలేదు. నేను ఎలాగూ అక్కడే ఉంటాను కదా.

మూగబొమ్మలు వచ్చిన కొత్తలో ఒక కంపెనీవాళ్ళు బావను పిలిచారు. "మాట అక్కర్లేదు, ఊరికే నోరు ఆడించండి" అన్నారు. ఈయన చివరి బెంచీకి వినిపించేలాగే నోరు ఆడించాడు. తెర మీద ఆ నోరు కిటికీ అంత అయింది. ఏడవాల్సిన చోట జనం పడీ పడీ నవ్వారు. మా కంపెనీలో దుష్టుడి వేషాలు కట్టే ఒకాయన ఉండేవాడు, గొంతును బట్టి అందరం కంచు అనేవాళ్ళం. అతను చూసొచ్చి, "అన్నా, నీకు ఎన్ని పళ్ళు పుచ్చాయో ఊరంతటికీ తెలిసిపోయిందే" అన్నాడు. బావ మళ్ళీ బొమ్మల వంక చూడలేదు.

వరద వచ్చాక చూడక తప్పలేదు. నాటకాల కంపెనీ మూతపడింది. అదే నెలలో ఒక డైరెక్టరు దిగాడు. పరాయి దేశంలో పని నేర్చుకుని వచ్చాడట. మన దేశంలో, మన భాషలో మాట్లాడే బొమ్మ మొదటిది తానే తీస్తానని బయల్దేరాడు. మాట్లాడే బొమ్మకు మాట ఉన్నవాడు కావాలి గదా. బావను తండ్రి వేషానికి తీసుకున్నాడు. కంచుకు అందులో చిన్న డాక్టరు వేషం దొరికింది.

ఇంటికొచ్చి బావ సంబరపడిపోయాడు. అక్క మాత్రం మిషను తొక్కడం ఆపి నా వంక చూసింది. వరద తర్వాత ఇంట్లో ఆడేది ఆ కుట్టుమిషను ఒక్కటే.

"మరి వీడు ఎక్కడ కూర్చుంటాడండీ?" అంది.

"ఎక్కడో ఒకచోట కూర్చుంటాళ్ళే. చోటుకేం కరువు?"

బొమ్మ తీసేది ఊరి చివర పాత గోనెసంచుల గోడౌనులో. గోడ మీద వరద మట్టి గీత ఇంకా పోలేదు. దాని ముందు చెక్కతో మూడు గోడల ఇల్లు కట్టారు. నేల సిమెంటు. గొయ్యి లేదు. బావ నేలంతా చూశాడు, పైకప్పు చూశాడు, చివరికి తలుపు పక్కనున్న బీరువాను చూశాడు. తర్వాత నన్ను చూశాడు. బీరువాలోకి దూరాను.

మైకు దగ్గర్నుంచి తీగ పక్కనున్న చిన్న అద్దాల గదిలోకి పోయేది. అందులో ఒకాయన చెవులకు రెండు డిప్పలు తగిలించుకుని కూర్చునేవాడు. అన్నం తినేటప్పుడు కూడా వాటిని తియ్యడు, మెడలోకి దించుకుంటాడు. చెవులాయన అనేవాళ్ళం. కప్పు రేకు మీద పిట్ట నడిచినా చెయ్యెత్తి పని ఆపించేవాడు.

మొదటిరోజు బావ చిన్న చిన్న మాటలు చెప్పాలి. నేను బీరువాలోంచి నెమ్మదిగా అందించాను. బావ గట్టిగా అందుకున్నాడు. చెవులాయన తలుపు తీసుకుని బయటికొచ్చాడు.

"ఇక్కడ ఇద్దరు మాట్లాడుతున్నారు."

"ఒక్కరే కదండీ మాట్లాడింది?" అన్నాడు డైరెక్టరు.

"మీకు ఒక్కరే. నా చెవుల్లో ఇద్దరు. ఒకాయన ముందు, ఒకాయన వెనక. ముందు మాట్లాడేవాడు బుద్ధిగా మాట్లాడుతున్నాడు. వెనక మాట్లాడేవాడికి నా చెవులు తూట్లు పడుతున్నాయి."

బావ గొంతు సవరించుకున్నాడు. "నా గొంతు పెద్దది బాబూ. గోడకు తగిలి తిరిగొస్తుందేమో."

"తిరిగొచ్చేది తర్వాత రావాలి పెద్దాయనా. ఇది మీకంటే ముందే వస్తోంది."

మాటలు పట్టే మిషను విప్పి చూశారు. తీగలు మార్చారు. రేకుల మీది పావురాళ్ళను తోలించారు. మళ్ళీ తీశారు. మళ్ళీ ఇద్దరే. చెవులాయన చెవులకు డిప్పలతోనే, మైకు చేత్తో పట్టుకుని, గోడ గోడకూ ఆనించుకుంటూ వచ్చాడు. బీరువా దగ్గర ఆగాడు. లోపల నేను ఊపిరి బిగబట్టాను. బిగబట్టిన ఊపిరి కూడా వినిపించిందో ఏమో, తలుపు తీశాడు.

"ఎవరయ్యా నువ్వు?" అన్నాడు డైరెక్టరు.

"బావమరిదినండి."

"ఎవరికి?"

నేను బావ వంక చూశాను. బావ రేకుల వంక చూశాడు.

"బీరువాలో ఏం చేస్తున్నావు?"

"పని చేస్తున్నానండి."

కంచు పొట్ట పట్టుకుని నవ్వాడు. "అదేందన్నా, మాటలు బీరువాలో దాచుకుంటున్నావా? తాళమన్నా వేసుకోవద్దూ!"

డైరెక్టరు నవ్వలేదు. నన్ను బయటికి పంపించి తలుపు వేయించాడు. నేను రేకు గోడకు చెవి ఆనించి విన్నాను. లోపల "మొదలు" అన్నారు. కెమెరా తిరుగుతున్న చప్పుడు. బావ గొంతు లేదు. "ఆపండి" అన్నారు. మళ్ళీ "మొదలు". మళ్ళీ కెమెరా చప్పుడొక్కటే. ఎంత పెద్ద వేషగాడు, అక్కడ నోరు తెరిచి నీళ్ళు నములుతున్నాడు. గోడకు ఇవతల నేను, నోట్లో మాట పెట్టుకుని.

చివరికి డైరెక్టరు మాట వినిపించింది. "పెద్దాయనా, ఫిలిం ఓడలో రావాలి. పోయిందాన్ని మళ్ళీ తెప్పించలేను. రేపు కొడుకు తిరిగొచ్చే సీను. బొమ్మకంతటికీ అదే ముఖ్యం. రేపు చెప్పగలిగారా, సరే. లేదంటే తండ్రి వేషం కంచు గారిది. ఇవాళ్టివి మళ్ళీ తీసుకుంటాను."

"నేను సిద్ధమేనండి. గడ్డం కూడా అతికించుకుంటా" అన్నాడు కంచు.

బయటికొచ్చాక బావ దారి పొడుగునా మాట్లాడలేదు. నేనెలాగూ మాట్లాడను. ఇద్దరం అలాగే ఇల్లు చేరాం. మాది రంగులద్దకం కొట్టు వెనక రెండు గదుల ఇల్లు. బావ కుర్చీలో కూలబడ్డాడు. సంగతి నేనే చెప్పాల్సొచ్చింది. అక్క అంతా విని మొగుడి ఎదురుగా నిలబడింది.

"ఏమండీ, కొడుకు వచ్చాక చెప్పే ఆ పెద్ద మాట చెప్పండి, వింటాను."

బావ నోరు తెరిచాడు, మూశాడు.

"తమ్ముడూ, నువ్వు చెప్పు."

"ఇల్లు" అన్నాను.

"ఇల్లు నువ్వు వెళ్ళిన రోజు ఎలా ఉందో అలాగే ఉందిరా. నీ గది తలుపు ఇంతవరకూ నేను మూయలేదు..." అని మొదలెట్టి చివరిదాకా ఎక్కడా తడబడకుండా చెప్పేశాడు. పక్కింటివాళ్ళు గోడ మీద బాదారు.

"అన్నీ వచ్చు కదండీ!"

"వస్తాయే. మొదలెట్టడమే రాదు." బావ తల పట్టుకున్నాడు. "ఇక్కడ పోతే ఇంక ఎక్కడికి పోతాను? నాటకం లేదు. చేతికి ఇంకో పని తెలియదు. ఆ కంచుగాడు నా వేషం కడితే నేను ఆ ఊరి చివర పావురాళ్ళు తోలుకోవాలి."

అక్క ఆలోచించింది. "నోటితో కాకపోతే ఇంకోలా అందించరా. ఆ మైకుకు ఉన్నవి చెవులే కదా."

"కెమెరాకు కళ్ళున్నాయి" అన్నాను.

"అయితే రెండూ చూసుకుందాం." మిషను మీది నల్లదారం ఉండ తీసి రెండు పేటలు కలిపి పేనింది. "రేపు మీరు నిలబడతారా, కూర్చుంటారా?"

"కుర్చీలో. మంచం పట్టి లేచిన తండ్రి వేషం గదా, మోకాళ్ళ మీద దుప్పటి ఉంటుంది. కాళ్ళకు చెప్పులు కూడా ఉండవు."

అక్క వంగి దారం కొసను ఆయన కాలి బొటనవేలికి కట్టింది. ఉండ నాకిచ్చి వంటగదిలోకి పంపింది. లాగమంది. లాగాను.

"అబ్బా!" అన్నాడు బావ.

"ఇల్లు అనాలండీ."

"వేలు ఊడొస్తుంటే ఇల్లు ఎక్కడిదే! ఒరేయ్, నేను నీ అక్క మొగుణ్ణిరా, బావిలో బకెట్టును కాదు!"

రెండోసారీ "అబ్బా"నే. "పోనీ డైరెక్టరు గారితో చెప్పి అబ్బా అని రాయిద్దామా?" అంది అక్క. నెమ్మదిగా లాగడం నేర్చుకున్నాను. దీపాలు పెట్టే వేళకు దారం బిగిస్తే చాలు, "ఇల్లు" అంటున్నాడు. ఎంత బాగా కుదిరిందంటే, కాలు బల్లకు తగిలినప్పుడు కూడా "ఇల్లు నువ్వు వెళ్ళిన రోజు" అని అందుకున్నాడు. అక్క నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుంది. ఆ రోజు మా ఇంట్లో నవ్వింది అప్పుడే.

మర్నాడు ముందుగా వెళ్ళి చూసుకున్నాను. చెక్క ఇంటి తలుపు పక్కన, నేలకూ గోడకూ మధ్య వేలెడంత సందు ఉంది. దారం బావ వేలి దగ్గర్నుంచి దుప్పటి కిందుగా దిగి, నేల మీద సాగి, ఆ సందులోంచి నా చేతికి వచ్చింది. నేను గోడ వెనక చతికిలబడ్డాను. ఒక బీటలోంచి తలుపు, కుర్చీలో బావ, అవతల కెమెరా కనిపిస్తున్నాయి. నల్ల దారం నేల మీద నాకే వెతికితే గానీ కనిపించలేదు.

కొడుకు వేషం ఒక బ్యాంకు గుమాస్తాకు ఇచ్చారు. మంచి మనిషి, చూపు మాత్రం అంతంతమాత్రం. అతను తలుపులోకి వచ్చి నిలబడి, "నాన్నా, వచ్చాను" అనాలి. అనగానే నేను లాగాలి. ఉత్తుత్తిగా రెండుసార్లు చేసి చూశారు. బాగా వచ్చింది. కంచు గడ్డం అతికించుకుని, చేతులు కట్టుకుని కెమెరా వెనక నిలబడి ఉన్నాడు.

"నేను ఆపమనేదాకా ఎవరూ ఆపొద్దు. తుమ్మొచ్చినా మింగెయ్యండి" అన్నాడు డైరెక్టరు. కెమెరా తిరిగింది.

గుమాస్తా వచ్చాడు. ఉత్తుత్తిగా చేసినప్పటికంటే ఒక అడుగు లోపలికి వచ్చాడు. "నాన్నా, వచ్చాను" అన్నాడు.

లాగాను. దారం కదల్లేదు.

మళ్ళీ లాగాను. గోడకు కట్టేసినట్టుంది. బీటలోంచి చూస్తే గుమాస్తా బూటు సరిగ్గా దారం మీద ఉంది. బరువంతా ఆ కాలి మీదే వేసి, పాపం, తప్పు చేసిన కొడుకులా తల వంచుకుని నిలబడ్డాడు. ఇంకా గట్టిగా లాగితే తెగుతుంది. తెగితే ఇక ఏమీ లేదు.

బావ ఎదురుచూస్తున్నాడు. నా ఒక్కడికే తెలుసు ఆ చూపు. గొయ్యిలోంచి ఎన్ని వందల సార్లు చూశానో. కెమెరా తిరుగుతూనే ఉంది. మాట నా నాలుక చివర ఉంది. నేను అంటే మైకు వింటుంది, వేషం కంచుకు పోతుంది. అనకపోతే బావ అలాగే కూర్చుంటాడు, అప్పుడూ కంచుకే పోతుంది. దారం పట్టుకున్న చేతిని నోట్లో పెట్టుకుని కొరికాను.

బావ తల వంచాడు. తన కాలి వంక చూశాడు. దారం వెంట చూపు నెమ్మదిగా సాగి గుమాస్తా బూటు దగ్గర ఆగింది. అక్కడే ఉండిపోయింది. కంచు ఒక అడుగు ముందుకు వేయడం కనిపించింది. డైరెక్టరు అతని భుజం మీద చెయ్యి వేసి ఆపాడు.

బావ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. వేషం పోతుందని తిరిగాయని నాకు తెలుసు.

అప్పుడు దుప్పటి కింద ఆయన కాలు కొంచెం కదిలింది. వెనక్కి జరిగింది. నా చేతికేమీ తెలియలేదు. నేను లాగలేదు.

"ఇల్లు" అన్నాడు బావ.

ఎప్పుడూ అనే గొంతు కాదు. గట్టిగా అంటే పగిలిపోతుందన్నట్టు అన్నాడు. "ఇల్లు... నువ్వు వెళ్ళిన రోజు ఎలా ఉందో అలాగే ఉందిరా." చివరిదాకా అదే గొంతుతో చెప్పాడు. చివరి బెంచీకి కాదు, ఎదురుగా ఉన్నవాడికి చెప్పాడు.

డైరెక్టరు ఆపమన్నాడు. చెవులాయన అద్దాల గదిలోంచి బయటికొచ్చాడు. డిప్పలు మెడలోకి దించుకుని, "ఇవాళ ఒక్కరే మాట్లాడారు" అన్నాడు.

డైరెక్టరు బావ రెండు చేతులూ పట్టుకున్నాడు. "ఆ చూపు! కొడుకు ముఖం చూడలేక కాళ్ళ వంక చూశారే, అది ఎక్కడ నేర్చుకున్నారు పెద్దాయనా?"

"నాటకాల్లోనే బాబూ" అన్నాడు బావ.

కంచు గడ్డం పీక్కున్నాడు. జిగురుతోపాటు నాలుగు సొంత వెంట్రుకలు కూడా ఊడొచ్చాయి. "ఏమైనా నువ్వు గట్టివాడివి అన్నా" అన్నాడు. మనసులోంచే అన్నాడు.

గోడౌను వెనక నీళ్ళ తొట్టి దగ్గర బావ కాలు కడుక్కుంటుంటే వెళ్ళాను. బొటనవేలు చుట్టూ ఎర్రగా కమిలింది.

"నువ్వు లాగలేదు కదూ?" అన్నాడు.

"లాగాను. రాలేదు. తొక్కి నిలబడ్డాడు."

"చూశాను. కాలు తీస్తాడేమోనని చూస్తూ కూర్చున్నా. తియ్యలేదు. ఇంక చేసేదేముంది, నేనే నా కాలు వెనక్కి లాక్కున్నా. దారం బిగిసింది. మాట వచ్చింది."

అంతే అన్నాడు. 

మర్నాటి నుంచి దారం రెండో కొసను కుర్చీ కాలికి కట్టుకోవడం మొదలెట్టాడు. బయట నుంచి ఎవరూ పట్టుకోవక్కర్లేదు. నన్ను ఊరికే పంపలేక డైరెక్టరు కప్పు మీది పావురాళ్ళు తోలే పని ఇచ్చాడు. చప్పుడు చెయ్యకుండా తోలాలి. బాగానే తోలాను.

బొమ్మ పూర్తయి మా హాలుకే వచ్చింది. ఓనరు స్టేజీ మీద తెల్ల తెర కట్టించాడు. మొదటి ఆట మధ్యాహ్నం. కూర్చోవడానికి చోటు లేదు. అక్కా బావా ముందు వరసలో కూర్చున్నారు. నేను వెళ్ళి నా గొయ్యిలో కూర్చున్నాను. పీట ఇంకా అక్కడే ఉంది. అక్కణ్ణుంచి చూస్తే బావ ముఖం ఇంటి కప్పంత ఉంది.

కొడుకు వచ్చాడు. "నాన్నా, వచ్చాను" అన్నాడు. బావ ఆ బూటు వంక చూస్తున్నాడు. హాలంతా ముక్కులు చీదుతున్నారు. బావ చూస్తూనే ఉన్నాడు. నేను ఆగలేకపోయాను.

"ఇల్లు" అన్నాను.

ముందు వరసలో ఒకావిడ వంగి, "ష్! మాట్లాడకయ్యా, ఆయన చెబుతాడుగా" అంది.

చెప్పాడు.

ఆట అయ్యాక జనం బావను భుజాల మీద ఎత్తుకున్నారు. తర్వాత ఆయన చాలా బొమ్మల్లో వేషాలు కట్టాడు. ఎక్కడికెళ్ళినా, "ఆ కాళ్ళ చూపు ఒకటి పెట్టండి పెద్దాయనా" అని అడిగేవాళ్ళట. పెట్టేవాడు. ఇదంతా తర్వాతి సంగతి.

ఆ సాయంత్రం ఇంటికి నడుస్తుంటే బావ అన్నాడు, "రెండో బొమ్మకు పిలిచారురా. పెద్ద ఊరికి పోవాలి. నువ్వూ వచ్చెయ్."

"నాకేం పని అక్కడ?"

"ఏదో ఒకటి."

ఏదో ఒకటి అనేది పని కాదు. ఆయనకూ తెలుసు. అక్క మా ఇద్దరి మధ్య నడుస్తోంది.

"హాల్లో టికెట్లు చింపే మనిషి కావాలన్నాడు ఓనరు" అన్నాను.

"వీడు ఇక్కడే ఉంటాడండీ. ఇల్లు చూసుకునేవాడు ఒకడు ఉండాలిగా" అంది అక్క.

బావ తల ఊపాడు. గుమ్మం దగ్గర చెప్పులు విడుస్తూ కాసేపు ఆగాడు. ఏదో చెప్పాలని ఉంది. నా ముఖం వంక చూశాడు. నేను ఏమీ అందించలేదు. "అలసిపోయావు, పడుకోరా" అని తనే అన్నాడు.

మర్నాడు పొద్దున్నే హాలుకు వెళ్ళాను. నిన్న రాత్రి ఆటలో ఎవరిదో కాలు గొయ్యిలో పడిందట, మూయించమని ఓనరు వడ్రంగికి కబురుపెట్టబోతున్నాడు. నేను చేస్తానన్నాను. ముక్కాలిపీట బయటికి తీశాను, ఇంట్లో పనికొస్తుంది. చెక్క గొడుగు విప్పి ఆ పలకలే గొయ్యి మీద పరిచాను. ఒకటి పొట్టి అయింది, పాత తెర కర్ర కోసి సరిపెట్టాను. మేకులు కొట్టాను. మీద నిలబడి తొక్కి చూశాను. కదల్లేదు. చీపురు తీసుకుని బెంచీల కింద ఊడ్చి, ఆటకు తలుపులు తీశాను.